‘ఇలగ’ అని చూపించలేని చోట



మాది శ్రీకాకుళం జిల్లా పొందూరు. పండక్కి ఊరెళ్లినప్పుడల్లా అరుగుల మీద కూర్చున్నవాళ్లు నన్ను ఒకటే అడుగుతారు. “అమ్మీ, కంప్యూటర్ పని అంతన్నావు గానీ, నువ్వు సేసిది ఏటి?” ప్రోగ్రాములు రాస్తావా అంటే రాయను. కంప్యూటర్లు బాగుచేస్తావా అంటే అదీ కాదు. ప్రోగ్రాములు రాసేవాళ్లు రోజూ వాడుకునే ఒక పనిముట్టు ఉంది. దాన్ని ఎలా ఇన్‌స్టాల్ చేసుకోవాలి, ఏ కమాండ్ ఇస్తే ఏం జరుగుతుంది, ఎక్కడ పొరపాటు పడే వీలుంది, పడితే ఎలా బయటపడాలి, ఇవన్నీ రాసిపెట్టడం నా పని. ఆఫీసులో దాన్ని డాక్యుమెంటేషన్ అంటాం, తొందరలో డాక్స్ అనేస్తాం. కొన్ని వందల పేజీలుంటుంది. నేను చేరకముందు రాసినవాళ్లు ఉన్నారు, ఇప్పుడు నాతోపాటు రాస్తున్నవాళ్లు ఉన్నారు. చదివేవాళ్లు మాత్రం మాకు కనబడరు.

ఈ పనిలో ఒక్క విషయం గురించే ఈరోజు మీతో మాట్లాడతాను. ఒక వస్తువును మొదటి పేజీలో ఏ పేరుతో పిలిచామో, చివరి పేజీ దాకా అదే పేరుతో పిలవడం. వినడానికి చిన్న సంగతే. దీని బరువు నాకు తెలిసివచ్చేసరికి ఈ ఉద్యోగంలో చాలా ఏళ్లు గడిచిపోయాయి.

మా పెద్దమ్మ రాట్నం వడికేది. పొందూరు ఖద్దరు ఎలా తయారవుతుందో మీలో చాలామందికి తెలిసే ఉంటుంది. దూదిని ముందు వాలుగ చేప దవడతో దువ్వుతారు. ఆ దవడకున్న సన్నటి పళ్లవరస దూదిలోని నలకల్ని, పొట్టునీ పట్టేస్తుంది. తర్వాత గింజ తీస్తారు, వింటితో ఏకుతారు, ఏకులు చుడతారు, అప్పుడు రాట్నం ముందు కూర్చుంటారు. నాకు పదేళ్లప్పుడు పెద్దమ్మ నన్ను ఒళ్లో కూర్చోబెట్టుకున్నంత దగ్గరగా కూర్చోబెట్టుకుని వడకడం నేర్పబోయింది. ఎడమచేతిలో ఏకు, కుడిచేత్తో చక్రం. నేను లాగితే దారం ఒకచోట లావు, ఒకచోట సన్నం, ఇంకాస్త లాగితే పుటుక్కున తెగేది. “ఇలగ అమ్మీ, ఇలగ. గట్టిగా లాగకు, తెగిపోతాది. సూడు, ఇలగ.” ఎంత గట్టిగా, ఎంత నెమ్మదిగా అన్నది ఆవిడ ఒక్కసారీ మాటల్లో చెప్పలేదు. నా వేళ్ల మీద తన వేళ్లు పెట్టి లాగి చూపించింది. ఆ ‘ఇలగ’ అనే మాటలోనే పాఠమంతా ఉంది. పెద్దమ్మ ఒకే వస్తువును పొద్దున ఒక పేరుతో, సాయంత్రం ఇంకో పేరుతో పిలిచినా నాకేం ఇబ్బంది లేదు. పేరు ఏదైనా ఆవిడ చెయ్యి ఆ వస్తువు మీదే ఉండేది.

నేను రాసే పేజీకి ఆ చెయ్యి లేదు. చదివేవాళ్లు ఎక్కడో రాత్రి పదకొండింటికి ఒంటరిగా కూర్చుని చదువుతారు. పక్కన అడగడానికి మనిషుండడు. వాళ్లకు దొరికేది మాటొక్కటే. ఆ మాట ఒక పేజీలో ఒకలా, మరో పేజీలో మరోలా ఉంటే, పట్టుకోవడానికి ఇంకేమీ మిగలదు.

ఇది నాకు ఎలా తెలిసిందో చెబుతాను. నేను అప్పట్లో రాస్తున్న పనిముట్టులో రెండు వేర్వేరు పనులుండేవి. ఒకటి, మనం పనిచేస్తున్న ఫోల్డర్‌ను ఆ పనిముట్టు పెట్టుకునే జాబితాలోంచి తీసేయడం. ఫోల్డర్ మాత్రం కంప్యూటర్‌లో ఎక్కడిది అక్కడే ఉంటుంది. రెండోది, ఫోల్డర్‌నూ అందులో ఉన్నవాటినీ కంప్యూటర్‌లోంచే పూర్తిగా చెరిపేయడం. మొదటిదానికి రిమూవ్ అని, రెండోదానికి డిలీట్ అని పేర్లు. కమాండ్ల పట్టికలో రెండూ వేటికవే సరిగ్గా ఉన్నాయి. కానీ కొత్తవాళ్ల కోసం నేను రాసిన పరిచయం పేజీలో ఒకే పేరాలో రిమూవ్ అన్న మాట నాలుగుసార్లు వచ్చింది. చదివితే మోటుగా అనిపించింది. రెండుచోట్ల దాన్ని కొట్టేసి డిలీట్ అని మార్చాను. వాక్యం నునుపుగా తయారైంది. తృప్తిగా ఇంటికెళ్లిపోయాను.

కొన్ని నెలల తర్వాత ఒక ఉత్తరం వచ్చింది. మన జిల్లాలోనే ఇంజనీరింగ్ మూడో సంవత్సరం చదువుతున్న ఒక అమ్మాయి రాసింది. జాబితా నిండిపోయిందని పాత ఫోల్డర్‌ను అందులోంచి తీసేయాలనుకుంది. నా పేజీ చదివింది. డిలీట్ కొట్టింది. పన్నెండు రోజుల పని పోయింది. కోపంగా రాయలేదు. “నేనే సరిగ్గా అర్థం చేసుకోలేదేమో, ఏ పేజీలో చూసుకోవాలో చెప్పగలరా మేడమ్” అని రాసింది. ఆ ఒక్క వాక్యం చదివాక ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదు. ఆ అమ్మాయి సరిగ్గానే అర్థం చేసుకుంది. నేను రాసింది అక్షరం పొల్లుపోకుండా చేసింది. తప్పు నాది.

మర్నాడు ఫోన్ చేసి ఆ మాటే చెప్పాను. కాసేపటికి ‘మేడమ్’ పోయి ‘అక్కా’ వచ్చింది. పోయిన పనిలో కొంత ఆమె స్నేహితురాలి దగ్గర పాత కాపీగా దొరికింది. మిగతాది మళ్లీ రాసుకుంది.

అప్పటినుంచీ ఆలోచిస్తూనే ఉన్నాను. నేను ఆ మాట ఎందుకు మార్చాను? నిర్లక్ష్యంతో మార్చలేదు, బాగా రాయాలనే మార్చాను. మనకు చిన్నప్పటినుంచీ బళ్లో అలాగే నేర్పారు. వ్యాసంలో ఒకే మాట మళ్లీ మళ్లీ వస్తే పునరుక్తి దోషమని మాస్టారు ఎర్రసిరాతో సున్నా చుట్టేవారు. తామరను ఒకచోట పద్మమనీ, ఇంకోచోట కమలమనీ, మరోచోట అరవిందమనీ అంటే మార్కులు పడేవి. పర్యాయపదాలు మన భాషకు ఐశ్వర్యం. కావ్యంలో అది అందమే. దాన్ని నేను ఎప్పుడూ తక్కువ చేయను. కానీ పనిముట్టు పుస్తకంలో తామర, పద్మం, కమలం అని మూడు పేర్లు కనబడితే చదివేవాళ్లు ఈ చెరువులో మూడు రకాల పూలున్నాయనుకుంటారు. అలా అనుకోవడంలో వాళ్ల తప్పేమీ లేదు. రెండు పేర్లుంటే రెండు వస్తువులుంటాయని పనిముట్టు లోకంలో అందరూ నమ్ముతారు. నమ్మాలి కూడా.

ఒక చిన్న ఉదాహరణ వినండి. ఇలాంటివి మా పేజీల్లో ఎన్నో ఉండేవి. “ముందుగా మీ ప్రాజెక్టును తెరవండి. వర్క్‌స్పేస్‌లో సెట్టింగులు మార్చండి. తర్వాత ఫోల్డర్‌ను మూసేయండి.” ప్రాజెక్టు, వర్క్‌స్పేస్, ఫోల్డర్ అని మూడు మాటలున్నాయి. రాసినవాళ్ల మనసులో మూడూ ఒకటే. చదివేవాళ్లు మొదటి వాక్యంలో ఒకటి తెరిచి, రెండో వాక్యంలో ఇంకోదాని కోసం వెతుకుతారు. అది కనబడదు. తమకు రాదనుకుంటారు. ఇదే మళ్లీ చదువుతాను. “ముందుగా మీ వర్క్‌స్పేస్‌ను తెరవండి. ఆ వర్క్‌స్పేస్‌లో సెట్టింగులు మార్చండి. తర్వాత వర్క్‌స్పేస్‌ను మూసేయండి.” చెవికి కాస్త మొద్దుగా ఉంది, నిజమే. కానీ ఎక్కడా వెతుక్కోనక్కర్లేదు.

ఈ తప్పు చేసింది నేనొక్కదాన్నే అయితే ఇంతసేపు చెప్పేదాన్ని కాదు. గిట్ అనే పనిముట్టు గురించి కంప్యూటర్ చదువుకునే పిల్లలందరికీ తెలుసు. లైనస్ టోర్వాల్డ్స్ 2005 ఏప్రిల్‌లో మొదలుపెట్టారు. ఈరోజు ప్రపంచంలో ప్రోగ్రాములు రాసేవాళ్లలో అది వాడనివాళ్లు అరుదు. అందులో, మనం చేసిన మార్పుల్ని ఖాయం చేసేముందు ఒక దగ్గర చేర్చి పెట్టుకునే చోటు ఉంటుంది. కల్లంలో కుప్పలోంచి బస్తాల్లోకి ఎత్తేముందు పక్కకు తీసి పెట్టుకున్న ధాన్యం లాంటిదనుకోండి. ఆ ఒక్క చోటికి మూడు పేర్లున్నాయి. మొదట్లో కాష్ అన్నారు. తర్వాత ఇండెక్స్ అన్నారు. ఆ తర్వాత స్టేజింగ్ ఏరియా అన్నారు. పాత పేర్లు పోలేదు, కమాండ్లలో అతుక్కుని ఉండిపోయాయి. మార్పుల్ని చూపించే కమాండ్‌కు కాష్డ్ అన్నా, స్టేజ్డ్ అన్నా ఒకటే ఫలితం. పోనీ ఇవన్నీ ఒకటేనని గుర్తుపెట్టుకుందామంటే, అప్లై అనే ఇంకో కమాండ్‌కు వచ్చేసరికి కాష్డ్ అంటే ఒక పని, ఇండెక్స్ అంటే వేరే పని. ఈ రెంటికీ తేడా ఏమిటో వివరించడానికే గిట్ పుస్తకంలో తరచుగా గందరగోళపెట్టే ఆప్షన్ల మీద విడిగా ఒక భాగం రాయాల్సి వచ్చింది. గిట్ గొప్ప పనిముట్టు, దాన్ని నడిపిస్తున్నవాళ్లు శ్రద్ధ ఉన్నవాళ్లు. ఒకసారి జనం చేతుల్లోకి వెళ్లిన మాటను వెనక్కి తీసుకోవడం ఎంత కష్టమో ఇందులో కనిపిస్తుంది. అందుకే మొదటి పేరు పెట్టేరోజునే జాగ్రత్తపడాలని నేను మా కుర్రాళ్లతో పోట్లాడతాను.

ఇక్కడ నాకు మన ఊళ్ల మనిషి ఒకాయన గుర్తొస్తారు. గిడుగు వెంకట రామమూర్తి గారు. 1863 ఆగస్టు 29న శ్రీముఖలింగం దగ్గర పర్వతాలపేటలో పుట్టారు. విజయనగరంలో చదువుకున్నారు. అక్కడ గురజాడ అప్పారావు గారు ఆయనకు సహాధ్యాయి. 1880లో పర్లాకిమిడి రాజావారి బళ్లో ఉపాధ్యాయుడిగా చేరారు. ఆయన పుట్టినరోజును తెలుగు భాషా దినోత్సవంగా చేసుకుంటున్నాం. వ్యావహారిక భాష కోసం ఆయన చేసిన పోరాటం గురించి ఆ రోజు చాలా చెప్పుకుంటాం. నా పని చేసేవాళ్లకు ఆయన చేసిన ఇంకో పని పాఠ్యపుస్తకం లాంటిది. అది సవర భాష మీద చేసిన పని.

పర్లాకిమిడి చుట్టుపక్కల కొండల్లో సవరలున్నారు. వాళ్ల భాష మన తెలుగు కుటుంబానికి చెందింది కాదు, ముండా కుటుంబానిది. దానికి అప్పుడు రాత లేదు, వ్యాకరణం లేదు, నిఘంటువు లేదు. నేర్చుకోవాలంటే మనిషి దగ్గరే నేర్చుకోవాలి. గిడుగు వారు తెలుగు వచ్చిన ఒక సవర మనిషిని ఇంట్లోనే పెట్టుకుని నేర్చుకున్నారు. ఆ తర్వాత మాటలు, పాటలు, కథలు రాసుకుంటూ కొండలెక్కారు. అక్కడి మలేరియా పట్టుకుంది. క్వినైన్ మింగీ మింగీ చెవుడు వచ్చింది. ధ్వనుల్ని విని రాసుకునే మనిషికి వినికిడి పోవడం ఎలాంటి కష్టమో ఊహించండి. ఆయన మానలేదు. సవర పిల్లల కోసం తెలుగు లిపిలో వాచకాలు రాశారు, సొంత డబ్బుతో బడి పెట్టారు. 1931లో మద్రాసులో సవర భాషా మాన్యువల్ అచ్చయింది. 1938లో సవర–ఇంగ్లీషు నిఘంటువు వచ్చింది. 1940 జనవరి 22న ఆయన పోయారు. ఇది దశాబ్దాల తరబడి సాగిన పని.

మాన్యువల్ అనే మాట గమనించండి. నేను ఉద్యోగంలో రాసేదీ మాన్యువలే. ఆయనకు ఎదురైన చిక్కు నాకు తెలిసిన చిక్కే, కాకపోతే నాదానికంటే వెయ్యిరెట్లు పెద్దది. సవరలో మన అక్షరాలకు లొంగని ధ్వనులున్నాయి. పలుకుతూ పలుకుతూ గొంతు ఒక్క క్షణం బిగబట్టి వదిలే ధ్వని ఒకటుంది. దానికి తెలుగులో అక్షరం లేదు. అలాంటివాటికి గుర్తులు ఏర్పరచుకోవాలి. ఒకసారి ఏర్పరచుకున్న గుర్తును పుస్తకమంతా అదే ధ్వనికి, ఆ ఒక్క ధ్వనికే వాడాలి. ఒక పేజీలో ఒకలా, ఇంకో పేజీలో ఇంకోలా రాస్తే సవర మాట వినే వీలులేని పాఠకుడు తప్పుగా పలుకుతాడు. ఆ తప్పును దిద్దే సవరవాడు పక్కన ఉండడు. ఆ పుస్తకం ఇంగ్లీషు పేరు చూడండి. సోరా అనే మాట దగ్గర ‘ఓ’ అచ్చు పక్కన రెండు చుక్కలు, ‘ఆ’ అచ్చు పక్కన రెండు చుక్కలు ఉంటాయి. అచ్చు దీర్ఘమని దాని గుర్తు. పుస్తకం తెరవకముందే, అట్ట మీద పేరులోనే ఆయన నియమం మొదలైంది. నేను ఆ అట్టను మొదటిసారి చూసినప్పుడు ఆ చుక్కల దగ్గర చాలాసేపు ఆగిపోయాను. అది తమ పుస్తకం పేరే కదా, అందంగా ఉండనీ అని ఆ నాలుగు చుక్కలూ తీసేసే రచయితలు ఎంతమందో ఉంటారు. నేను తీసేసి ఉండేదాన్ని.

వ్యావహారిక ఉద్యమం మొదలైన తీరులో కూడా నాకు పనికొచ్చే సంగతి ఒకటుంది. విశాఖపట్నం ప్రాంతంలో బళ్ల ఇన్‌స్పెక్టరుగా ఉన్న ఏట్స్ దొర తెలుగు నేర్చుకోబోతే, పుస్తకంలో ఒక తెలుగు, జనం నోట ఇంకో తెలుగు కనిపించాయి. ఇదెందుకిలా ఉందని అడిగారు. మనవాళ్లు శతాబ్దాలుగా రెంటితోనూ బతుకుతున్నారు కాబట్టి వాళ్లకు అది ప్రశ్నగా తోచలేదు. బయటినుంచి వచ్చినవాడికి తోచింది. గిడుగు, గురజాడ, వాళ్ల సహచరుడు శ్రీనివాస అయ్యంగారు ఆ ప్రశ్నను పట్టుకున్నారు, అక్కణ్నుంచి జరిగింది మీకు తెలుసు. మా ఆఫీసులోనూ అంతే. పాతవాళ్లకు వర్క్‌స్పేస్ అన్నా ప్రాజెక్టు అన్నా ఒకటేనని తెలుసు, అలవాటైపోయింది. కొత్తగా చేరినవాళ్లు మొదటివారంలో అడిగే ప్రశ్నలే నాకు బంగారం. వాళ్లు మొహమాటపడి అడగడం మానేయకముందే ఒక నోటుబుక్కు ఇచ్చి, అర్థంకాని మాట కనబడిన ప్రతిసారీ రాయమంటాను.

ఆ అమ్మాయి ఉత్తరం వచ్చాక నేను చేసిన మొదటి పని కూడా నోటుబుక్కే. పేజీలన్నీ మొదటినుంచి చదువుతూ మూడు గళ్లు గీశాను. మొదటి గడిలో మాట. రెండో గడిలో దాని అర్థం, ఒక్క వాక్యంలో. మూడో గడిలో, ఈ అర్థానికి వాడకూడని మాటలు. మూడో గడే అసలైనది. ‘వర్క్‌స్పేస్ అనాలి’ అని రాస్తే చాలదు. ‘ప్రాజెక్టు, ఫోల్డర్, డైరెక్టరీ అనకూడదు’ అని కూడా రాయాలి. ఎందుకంటే రాసేవాళ్లు అలవాటుగా జారేది ఆ మాటల్లోకే. తర్వాత ఆ గళ్లను కంప్యూటరుకు అప్పగించాం. వేల్ అని ఒక ఉచిత పనిముట్టు ఉంది. వాడకూడని మాటల జాబితా ఇస్తే, ఎవరు ఏ పేజీలో ఆ మాట రాసినా వెంటనే పట్టుకుంటుంది. అచ్చుతప్పులు దిద్దినట్టే. కానీ ఏ మాట ఉంచాలి, ఏది పోవాలి అన్నది అది చెప్పలేదు. దానికి నలుగురు మనుషులు బల్ల చుట్టూ కూర్చుని వాదించుకోవాలి. ‘రన్’ ఉండాలా ‘ఎగ్జిక్యూట్’ ఉండాలా అని ఒక మధ్యాహ్నమంతా వాదించుకున్నాం. నాకు అది వృథా అయిన మధ్యాహ్నం అనిపించలేదు.

మాండలిక పదాలంటే ఇష్టపడే శ్రోతలు ఇక్కడ నన్ను ఆపి అడగొచ్చు. అన్నిటికీ ఒకే పేరంటావేంటి, ఊరికో పేరుండడం మన సంపద కదా అని. అవును, సంపదే. భద్రిరాజు కృష్ణమూర్తి గారి సంపాదకత్వంలో ఆంధ్రప్రదేశ్ సాహిత్య అకాడమీ మాండలిక వృత్తిపదకోశం వేసింది. వ్యవసాయ పదాల సంపుటం 1962లో వచ్చింది, చేనేత పదాల సంపుటం 1971లో. నాగలి భాగాలకు, మగ్గం భాగాలకు జిల్లాజిల్లాకూ పేర్లు ఎలా మారతాయో వాళ్లు ఊరూరా తిరిగి పోగుచేశారు. చేనేత సంపుటం తిరగేస్తుంటే నాకు మా వీధి వినబడుతుంది. కానీ ఆ పుస్తకం ఏం చేసిందో చూడండి. ఎన్ని పేర్లున్నా, అవన్నీ ఒకే వస్తువు పేర్లని ఒకదగ్గర చేర్చి, ఏ పేరు ఎక్కడిదో చెప్పింది. అంటే పేర్లు పెరిగినకొద్దీ వస్తువు మసకబారకుండా కాపాడింది. నేను కూడా పాత పేర్లను పారెయ్యను. వెతికేవాళ్లు ‘ప్రాజెక్టు’ అని కొట్టినా ‘వర్క్‌స్పేస్’ పేజీకే చేరేలా పెడతాను. పేజీలోపల మాత్రం ఒక్కటే పేరు.

మన పిల్లల సంగతి ఇంకొకటి చెప్పాలి. విజయనగరంలో, రాజాంలో, టెక్కలిలో, ఎచ్చెర్లలో వేలమంది ఇంజనీరింగ్ చదువుతున్నారు. అందులో పది దాకా తెలుగు మీడియంలో చదివినవాళ్లు చాలామంది. వాళ్లు చదవాల్సిన డాక్యుమెంటేషన్ దాదాపు అంతా ఇంగ్లీషులోనే ఉంటుంది. ఇంగ్లీషు ఇంట్లో మాట్లాడేవాళ్లకు రిమూవ్, డిలీట్, ఇరేజ్, క్లియర్ అనే నాలుగు మాటల్లో ఎక్కడ పర్యాయపదమో, ఎక్కడ తేడా ఉందో చెవి చెప్పేస్తుంది. మన పిల్లలకు చెవి చెప్పదు. మాట మారితే అర్థం మారిందని బుద్ధి చెబుతుంది. కాబట్టి రచయిత సరదాగా మార్చిన ప్రతి మాటకూ వాళ్లు నిఘంటువు తెరవాల్సి వస్తుంది. మన తెలుగులోకి తెచ్చుకుంటే ఇంకో చిక్కు. రిమూవ్‌కీ తొలగించు అంటాం, డిలీట్‌కీ తొలగించు అంటాం. రెండు వేర్వేరు పనులు ఒక్క మాటలో కలిసిపోతాయి. నేను జాబితాలోంచి తీసెయ్యడం, కంప్యూటర్‌లోంచి చెరిపెయ్యడం అని రెండు మాటలు పెట్టుకున్నాను. మన ఇళ్లలో పలక మీద అక్షరాన్ని చెరిపేస్తాం, గూట్లోంచి పలకను తీస్తాం. ఆ తేడా తెలియని పిల్ల ఉండదు.

యూరప్‌లో విమానాలు తయారుచేసేవాళ్లకు ఈ బాధ 1980ల నాటికే తెలుసు. విమానం ఒక దేశంలో తయారవుతుంది, దాన్ని బాగుచేసే మెకానిక్ ఇంకో దేశంలో ఉంటాడు, అతనికి ఇంగ్లీషు సొంత భాష కాదు. అందుకని వాళ్లు సింప్లిఫైడ్ ఇంగ్లీష్ అని ఒక పద్ధతి ఏర్పాటు చేసుకున్నారు. అనుమతి ఉన్న మాటల నిఘంటువు ఒకటి, ఒక్కో మాటకు ఒక్కటే అర్థం. క్లోజ్ అంటే మూయడం అనే అర్థంలోనే వాడాలి, దగ్గరగా అనే అర్థంలో వాడకూడదు. కవికి ఇది సంకెళ్లలా కనిపించొచ్చు. ఇంజను విప్పిన మెకానిక్‌కు ఎలా కనిపిస్తుందో కూడా అడగాలి.

ఇలాంటిదే ఇంకొకటి. తెలుగులో ‘చెయ్యాలి’ అంటాం. ఇది చేసి తీరాలా? చేస్తే మంచిదా? రెంటికీ అదే మాట. “స్నానం చెయ్యాలి” అంటే ఒక బరువు, “అప్పు తీర్చాలి” అంటే ఇంకో బరువు. మాట్లాడేటప్పుడు గొంతు ఆ తేడా చెబుతుంది. రాతలో గొంతుండదు. ఇంటర్నెట్ నియమాలు రాసేవాళ్లు ఈ గొడవ పడలేక 1997 మార్చిలో ఒక చిన్న పత్రం వేసుకున్నారు. దాన్ని స్కాట్ బ్రాడ్నర్ రాశారు. మస్ట్ అంటే తప్పించుకోవడానికి వీల్లేదు, షుడ్ అంటే గట్టి కారణం ఉంటే తప్ప చెయ్యాలి, మే అంటే నీ ఇష్టం. నేను తెలుగులో రాసేటప్పుడు ‘తప్పనిసరిగా చెయ్యాలి’, ‘చేస్తే మంచిది’, ‘కావాలంటే చెయ్యొచ్చు’ అని మూడే వాడతాను. ఉత్త ‘చెయ్యాలి’ని కొట్టేస్తాను. ఈ నియమం పెట్టుకున్నాక ఒక విచిత్రం జరిగింది. ఏ వాక్యంలో ఏది రాయాలో తేల్చడానికి ప్రోగ్రాము రాసినవాళ్ల దగ్గరికి వెళ్లి అడగాల్సి వచ్చింది. సగం సందర్భాల్లో వాళ్లకూ తెలియదు. నా వాక్యం కోసం వాళ్లు కూర్చుని ఆలోచించుకున్నారు.

పేజీ కట్టుబాటు గురించి కూడా రెండు మాటలు. 1971 నవంబరు 3న యూనిక్స్ అనే ఆపరేటింగ్ సిస్టమ్‌కు మొదటి మాన్యువల్ వచ్చింది, కెన్ థాంప్సన్, డెనిస్ రిచీ రాసింది. ప్రతి కమాండ్‌కూ ఒకే అచ్చు: ముందు పేరు, తర్వాత ఎలా పిలవాలో, తర్వాత వివరం. చివర్లో బగ్స్ అని ఒక భాగం, అంటే ఈ కమాండ్‌లో మాకు తెలిసిన లోపాలివీ అని. యాభై ఏళ్లు దాటినా ఆ వరస ఇంకా నడుస్తోంది. లోపాలు ఎక్కడుంటాయో చదివేవాళ్లకు ముందే తెలుసు, నేరుగా అక్కడికి వెళ్తారు. మన ఇళ్లలో పోపులపెట్టె లాంటిదది. దీపం పోయినా ఆవాలు ఏ గిన్నెలో ఉన్నాయో చేతికి తెలుస్తుంది. లోపాలకంటూ ఒక చోటు కేటాయించిన ఆ నిజాయితీ అంటే నాకు చాలా గౌరవం.

ఇదంతా ఒకసారి చేసేస్తే అయిపోయే పని కాదు. పనిముట్టు నెలనెలా మారుతుంది. ఎవరో ఒక బటన్ పేరు మారుస్తారు, అది ముప్ఫై పేజీల్లో పాత పేరుతోనే ఉండిపోతుంది. నేను రాసిన ఉదాహరణలన్నిటినీ ప్రతి విడుదలకు ముందు నిజంగా నడిపి చూస్తాం. ఒక్కటి ఆగిపోయినా పేజీ బయటికి వెళ్లదు. విసుగు పుట్టే పనే. పెద్దమ్మ కూడా రోజంతా వడికి, సాయంత్రం కండెను వెలుగులో పట్టుకుని, దారం ఎక్కడైనా లావెక్కిందేమోనని చూసేది. అలాంటిచోటు కనిపిస్తే అంతవరకూ విప్పేసేది. “రేపు సూద్దాం” అన్నది నేనెప్పుడూ వినలేదు.

ఆ అమ్మాయి చదువు పూర్తయింది, ఇప్పుడు ఉద్యోగంలో ఉంది. మొన్న సంక్రాంతికి ముందు ఆమె దగ్గర్నుంచి మళ్లీ ఒక సందేశం వచ్చింది. “అక్కా, మీ పేజీలన్నీ చదివాను. ఒకచోట ఒక బొమ్మ కింద ఇంకా ప్రాజెక్టు అనే ఉంది.” వెతికాను. నిజమే, బొమ్మ కింది అక్షరాలు బొమ్మలో భాగం కాబట్టి మా వేల్ జల్లెడకు దొరకలేదు. బొమ్మ మళ్లీ గీయించి, ఆ మాట మార్చి, తప్పు చూపించినవాళ్ల పేరు రాసే చోట ఆమె పేరు రాశాను. ఇప్పుడు మిగతా బొమ్మలు ఒక్కొక్కటీ తెరిచి చూస్తున్నాను. ఇంకా నలభై దాకా ఉన్నాయి.